పర్మనెంటయిందా?

ఇక్కడ మన తెలుగువాళ్ళు ఏ పేరంటంలో కలుసుకున్నా, కొత్తగా వచ్చిన కుటుంబాన్ని అడిగే మొదటి ప్రశ్న "పి.ఆర్. వచ్చిందా?" అని. మన ఊళ్ళో పెళ్ళిపందిట్లో ఉద్యోగస్థుణ్ణి అడిగే మొదటి ప్రశ్న "పర్మనెంటయిందా?" అని. రెండు ప్రశ్నల్లోనూ దాగివున్న ఇంగ్లీషు మాట ఒక్కటే. అది లేనివాడికి ఇక్కడ ఇల్లు కొనడానికి చెయ్యాడదు. అక్కడ పిల్లనివ్వడానికి ఎదుటివారికి మనసొప్పదు.

పి.ఆర్. కోసం వయసుకిన్ని, చదువుకిన్ని, ఇంగ్లీషు పరీక్షకిన్ని అని పాయింట్లు కూడుకున్న రోజులు మనలో ఎవరూ మరిచిపోలేదు. ఆ లెక్క కఠినమైనదే గాని, చాలావరకు నియమాలు ముందే చెప్పి ఆడించే ఆట. మన వైపు ప్రభుత్వ కార్యాలయాల్లో దినకూలీ మీద పనిచేసే మనిషికి ఆపాటి అదృష్టం కూడా లేదు. అతనికి ఆట ముందు, నియమం తరవాత. ఏళ్ళ తరబడి పనిచేశాక, "ఫలానా తేదీ నాటికి నీకు అయిదేళ్ళు నిండి ఉండవలసింది" అంటారు. ఈ తేదీల తగువు కోర్టుల్లో ఎలా నడిచిందో ఈ నెల కొంచెం వివరంగా చెప్పుకుందాము. మేము వైద్యులమే గాని న్యాయవాదులము కాము. అయితే ఆసుపత్రిలో పెరిగిన వైద్యుడెవరికైనా ఈ మనుషులతో పరిచయం తప్పదు. స్ట్రెచరు తోసేదీ, రక్తం కడిగేదీ, రాత్రి రెండింటికి ఆక్సిజన్ సిలిండరు దొర్లించుకొచ్చేదీ వాళ్ళే.

ఎన్.ఎమ్.ఆర్. అన్న మూడక్షరాలు మన పాఠకుల్లో చాలామంది విన్నవే. నామినల్ మస్టర్ రోల్, అంటే పేర్ల పట్టీ. నీటిపారుదల, రోడ్లు భవనాలు, అడవులు, మునిసిపాలిటీలు, విశ్వవిద్యాలయాలు, ఆసుపత్రులు, అన్నిటా ఈ పట్టీలుండేవి. పొద్దున్నే మేస్త్రీయో గుమాస్తాయో పేర్లు పిలిచి గీత పెడతాడు. గీత పడిన రోజుకి కూలి, లేని రోజుకి లేదు. ఆదివారం లేదు, జ్వరానికి సెలవు లేదు. ఇంకో విచిత్రమేమంటే, వీళ్ళ కూలి సాధారణంగా జీతాల పద్దులోంచి రాదు. పనుల ఖర్చులోంచో కంటింజెన్సీలోంచో వస్తుంది. ఇసుకా సిమెంటూ కొనే పద్దులోనే మనిషి కూడా అన్నమాట. జీతాల పద్దులో లేని మనిషికి పోస్టు లేదు. పోస్టు లేనివాణ్ణి ఖాయం చెయ్యడమెలా అని తరవాత కోర్టులో ప్రభుత్వమే అడుగుతుంది.

1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టంలో ఒక అంకె ఉండేది, 240. పన్నెండు నెలల్లో అన్ని రోజులు పనిచేసిన కార్మికుణ్ణి నోటీసూ పరిహారమూ లేకుండా తొలగించరాదు. (2025 నవంబరు 21 నుంచి ఆ చట్టం స్థానంలో పారిశ్రామిక సంబంధాల కోడ్ వచ్చింది.) ఏళ్ళ తరబడి ఒకణ్ణి కావాలని తాత్కాలికంగానే ఉంచడం అనుచితమైన పద్ధతి అని కూడా 1980లలో దాంట్లో చేర్చారు. ఈ అంకె మేస్త్రీలకి కూడా తెలుసు. అందుకే 240 దగ్గర పడేసరికి పట్టీలో నాలుగు రోజులు గీత పడదు. దాన్నే 'బ్రేక్' అంటారు. లేకపోతే మనిషి అతడే ఉంటాడు, పట్టీలో మాత్రం తమ్ముడి పేరో బామ్మర్ది పేరో ఎక్కుతుంది.

మరి 240 రోజులు చేశానని ఎవరు రుజువు చెయ్యాలి? పని చేసినవాడే చెయ్యాలని 2002లో సుప్రీంకోర్టు హదిమని అనే కర్ణాటక అటవీ కూలి కేసులో చెప్పింది. నేను పనిచేశానని ప్రమాణం చేసి చెప్పినంత మాత్రాన చాలదన్నది. నియామకపత్రం ఎలాగూ ఇవ్వరు. జీతం చీటీ ఇవ్వరు. పట్టీ ఉండేది యజమాని బీరువాలో. మూడేళ్ళ తరవాత, 2005లో, అదే కర్ణాటక నుంచి వచ్చిన యల్లట్టి కేసులో కోర్టు ఈ ఇబ్బందిని గుర్తించింది. రుజువు భారం కార్మికుడిదే అయినా, అతను బోనెక్కి చెప్పి, పట్టీలు తెప్పించమని అడిగితే, యజమాని తీసుకురాకపోవడాన్ని కూడా లెక్కలోకి తీసుకోవచ్చునన్నది. ఆ కేసులో అతన్ని ఒడ్డున పడేసిన వస్తువు మరొకటుంది. తన దగ్గర ఇన్ని రోజులు పనిచేశాడని ఒక ఇంజనీరు వ్రాసి ఇచ్చిన సర్టిఫికెట్టు. ఒక్క కాగితం. ఆ ఇంజనీరు ఆ రోజున పోనీలెమ్మని వ్రాసిచ్చాడో, వాడి బాధ పడలేక వ్రాసిచ్చాడో మనకు తెలియదు.

ఇంత పీకులాట లేని కాలం ఒకటి ఉండేది. 1980లలో సుప్రీంకోర్టు దినకూలీల పట్ల కాస్త చల్లని చూపు చూసింది. సమానమైన పనికి సమానమైన వేతనం అన్న మాటకు 1982లో రణధీర్ సింగ్ కేసులో (ఢిల్లీ పోలీసు శాఖలో డ్రైవరు) ప్రాణం పోసినవారు మన తెలుగు న్యాయమూర్తి ఓ. చిన్నపరెడ్డిగారే. 1986లో సురీందర్ సింగ్ కేసులో అదే సూత్రాన్ని కేంద్ర ప్రజాపనుల శాఖ దినకూలీలకు వర్తింపజేశారు. 1987లో తపాలా, టెలిఫోను శాఖ దినకూలీల కేసులో, ఏడాదికి మించి పనిచేస్తున్నవారిని ఖాయం చేసుకునే పథకం తయారుచెయ్యమని కోర్టు ఆ శాఖను ఆదేశించింది. 1990లో ధార్వాడ ప్రజాపనుల శాఖ దినకూలీల కేసు వచ్చింది. అక్కడా విడతలవారీగా ఖాయం చేసే ఏర్పాటు జరిగింది. ఈ వార్తలు పేపర్లో చూసి ఎన్ని వందల ఎన్.ఎమ్.ఆర్. ఇళ్ళలో ఆశలు మొలకెత్తి ఉంటాయో ఊహించుకోవచ్చు.

ఆంధ్రప్రదేశ్‌లో ఈ ఆశకి ఒక తేదీ దొరికింది: 1993 నవంబరు 25. ఆనాటి నుంచి అమలయ్యేలా తెచ్చిన 1994 నాటి 2వ నెంబరు చట్టం, ఇకమీదట దినకూలీ నియామకాలు కూడదన్నది. మరి అప్పటికే ఉన్నవారి మాటేమిటి? వారి కోసం 1994 ఏప్రిల్ 22న 212వ నెంబరు జి.ఓ. వచ్చింది. ఆ నవంబరు 25 నాటికి అయిదేళ్ళు ఎడతెగకుండా పనిచేసి, ఇంకా పనిలో ఉన్నవారిని ఖాయం చెయ్యవచ్చు. దానికి తోడు షరతులు: చేరేనాటికి వయసూ చదువూ సరిపోవాలి, ఎంప్లాయ్‌మెంట్ ఎక్స్ఛేంజి ద్వారా వచ్చి ఉండాలి, ఖాళీ పోస్టుండాలి, రిజర్వేషన్లు పాటించాలి. దినకూలికి పిలిచేటప్పుడు ఎక్స్ఛేంజి కార్డు అడిగిన మేస్త్రీని మేమైతే ఎక్కడా చూడలేదు.

ఈ లెక్కన 1988 నవంబరు 20న పనిలో చేరినవాడు ఇవతల ఒడ్డు. డిసెంబరు 20న చేరినవాడు అవతల ఒడ్డు. ఇద్దరూ ఒకే గోడకి సున్నం వేసిన వాళ్ళే.

మేము హౌస్ సర్జన్లుగా పనిచేసిన ఒక ప్రభుత్వ ఆసుపత్రిలో (పేరు వద్దు) కాన్పుల వార్డులో ఒకామె ఉండేది. మాకు అమ్మ వయసు. ఒక మధ్యాహ్నం మడతలు విడిపోతున్న రెండు కాగితాలు తెచ్చి, "బాబుగారూ, ఇందులో మాకు పర్మనెంటని ఉందాండీ?" అని అడిగింది. మొదటిది హైకోర్టు ఉత్తర్వు. అర్జీదారు విజ్ఞప్తిని ఎనిమిది వారాల్లో 'పరిశీలించ'వలసిందిగా అధికారులను ఆదేశించడమైనది, అని సారాంశం. అది వచ్చిననాడు వార్డంతా లడ్డూలు పంచారట. రెండో కాగితం అధికారులది. పరిశీలించడమైనది, 25-11-1993 నాటికి అయిదేళ్ళు నిండనందున తిరస్కరించడమైనది. ఆమె చేరింది 1989 శ్రీరామనవమికి. అంటే నాలుగేళ్ళ ఏడు నెలలు. మేము చదివి చెప్పాము. "అయితే మళ్ళీ వెయ్యాలన్నమాట," అని కాగితాలు మడిచి రొంటిన దోపుకుని, ఆరో నెంబరు మంచం దగ్గరికి బెడ్‌పాన్ పట్టుకుని వెళ్ళిపోయింది.

ఆ 'పరిశీలించు' అన్న మాటను మన పాఠకులు కాస్త గమనించాలి. దినకూలీల రిట్లలో చాలా వాటికి దొరికే ఫలితం అదే. ఇవ్వమని కాదు, చూడమని. చూసి కాదంటే ఆ కాదన్నదాని మీద ఇంకో రిట్టు. వకీలు ఫీజు మళ్ళీ మొదటికి వస్తుంది. కొందరు చందాలు వేసుకుని సంఘంగా వేసేవారు, అప్పుడు తలకింత తగ్గేది. సంఘం నాయకుడు రిటైరైనా, కాలం చేసినా, ఆ ఫైలు ఎవరింట్లో ఉందో వెతుక్కోవడమే పెద్ద పని.

తేదీ దాటాక అయిదేళ్ళు నిండినవారికి కూడా ఫలితం ఇవ్వాలని కోర్టుల్లో వాదనలు సాగాయి, కొన్ని నెగ్గాయి కూడా. దాంతో ప్రభుత్వం 1998లో చట్టాన్నే సవరించి ఆ తలుపు మూసింది. రోజంతా పనిచేసేవారికి అయిదేళ్ళు, పూటపని వారికి పదేళ్ళు, రెండూ 1993 నవంబరు 25 నాటికే నిండాలి. 2009లో ఎ. మంజుల భాషిణి కేసులో సుప్రీంకోర్టు ఆ సవరణనూ, ఆ తేదీనీ సమర్థించింది. ఈ మధ్యలో అంతకంటే పెద్ద పిడుగు ఒకటి పడింది.

2006 ఏప్రిల్ 10న వచ్చిన ఉమాదేవి తీర్పు అది. కర్ణాటక వాణిజ్య పన్నుల శాఖ దినకూలీలతో మొదలైన కేసు. అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం. ప్రకటన లేకుండా, పోటీ లేకుండా లోపలికి వచ్చినవారిని, ఎన్నాళ్ళు పనిచేసినా సరే, ఖాయం చెయ్యమని కోర్టులు ఆదేశించరాదన్నారు. ప్రభుత్వోద్యోగం అందరికీ తెరిచివుంచవలసిన ద్వారం, పెరటి తలుపు ద్వారా వచ్చినవాడికి మొదటి వరస ఇస్తే బయట దరఖాస్తు పట్టుకుని నిలబడ్డవాడి గతేమిటి, అన్నది దాని వెనకున్న తర్కం. ఈ తర్కాన్ని కొట్టిపారెయ్యలేము. మనలో ఎంట్రన్సులు వ్రాసి, సర్వీస్ కమిషన్ పరీక్షలు వ్రాసి, సీటు ఎవరో సిఫార్సుతో తన్నుకుపోతే కుమిలిపోయినవాళ్ళు తక్కువేమీ కాదు. దినకూలీ పట్టీల్లోకి కూడా ఎమ్మెల్యే చీటీలతో ఎక్కినవారున్నారు. ఉన్నమాట చెప్పుకోవాలి. అయితే వార్డులో బెడ్‌పాన్లు కడగడానికి ఏ గ్రాడ్యుయేటు బయట వరస కట్టి నిలబడ్డాడో మాకు కనపడలేదు. ప్రకటన ఇవ్వనిది ప్రభుత్వం, పోస్టు మంజూరు చెయ్యనిది ప్రభుత్వం. ఆ తప్పుకి శిక్ష మాత్రం గీత పడిన మనిషిది.

ఆ తీర్పులోనే 53వ పేరాలో ఒక చిన్న కిటికీ ఉంచారు. మంజూరైన పోస్టులో, అర్హత ఉండి, పదేళ్ళు లేదా అంతకు మించి పనిచేసినవారిని ఒక్కసారికి ఖాయం చెయ్యవచ్చు. కాని ఆ పదేళ్ళు కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా చేసినవై ఉండాలి. ఇక్కడ ఆగి ఆలోచించండి. 1995లో తీసేస్తామంటే భయపడి కోర్టుకి వెళ్ళి స్టే తెచ్చుకుని, ఆ స్టే మీద పదకొండేళ్ళు పనిచేసినవాడున్నాడనుకోండి. ఆ పదకొండేళ్ళూ లెక్కలోకి రావు. కోర్టు మెట్లెక్కకుండా మేస్త్రీ కాళ్ళు పట్టుకుని ఉండిపోయినవాడికి వస్తాయి. న్యాయం అడగడానికి వెళ్ళడమే అనర్హత అయిన సందర్భం ఇదొకటి మాకు కనిపించింది. 2010లో కేసరి కేసులో సుప్రీంకోర్టు ఈ కిటికీ వెడల్పెంతో వివరిస్తూ, పదేళ్ళు నిండినవారి జాబితాలు తయారుచేసి పరిశీలించడం ప్రతి శాఖకీ విధి అని చెప్పింది. చాలాచోట్ల ఆఫీసుల్లో 53వ పేరా ఎవరూ తిప్పి చూడలేదు, తిరస్కరించడానికి మాత్రం ఉమాదేవి పేరు వాడారు.

కెనడాలో ఇలాంటి బాధ లేదా అంటే, ఉంది. కొత్తవాళ్ళం కాబట్టి మనకి కనపడదు. ఫెడరల్ ప్రభుత్వంలో క్యాజువల్‌గా తీసుకున్న మనిషి ఒక శాఖలో ఏడాదికి 90 పనిదినాలు మించి చెయ్యరాదు. గడువు మీద తీసుకున్నవారు ఒకే శాఖలో మూడేళ్ళు పూర్తిచేస్తే, రిట్టూ వకీలూ లేకుండానే, సాధారణంగా పర్మనెంటైపోతారు. అయితే మధ్యలో 60 రోజులు మించిన విరామం వస్తే లెక్క మళ్ళీ ఒకటి నుంచి. మన 'బ్రేక్'కి ఇది దూరపు చుట్టం. డబ్బుకి ఇబ్బందైనప్పుడు ఈ మూడేళ్ళ గడియారాన్ని ఆపెయ్యడానికి కూడా శాఖలకి వీలుంది.

కోర్టుకెక్కిన కేసూ ఉంది. క్వెబెక్‌లో కోవాన్స్‌విల్ జైలులో ఖైదీలకు చదువు చెప్పడానికి ఎకోనోసల్ట్ అనే ప్రైవేటు కంపెనీ ద్వారా ఉపాధ్యాయుల్ని పెట్టుకున్నారు. పని ప్రభుత్వానిది, గది ప్రభుత్వానిది, కాబట్టి వీళ్ళు ప్రభుత్వోద్యోగులే అని యూనియన్ వాదించింది. 1991లో కెనడా సుప్రీంకోర్టులో మెజారిటీ కాదన్నది. చట్టప్రకారం నియామకం జరిగితేనే ప్రభుత్వోద్యోగి, వాస్తవంలో ఉద్యోగి అనే రకం ఒకటి లేదన్నది. పదిహేనేళ్ళ తరవాత ఢిల్లీలో వచ్చిన ఉమాదేవి తీర్పుకి ఇది అక్కగారిలా కనిపిస్తుంది.

మా వృత్తికి దగ్గరైనది బ్రిటిష్ కొలంబియా కథ. 2002లో అక్కడి ప్రభుత్వం 29వ బిల్లు తెచ్చి, ఆసుపత్రి యూనియన్లతో ఉన్న ఒప్పందాల్లోని రక్షణలను ఒక్క దెబ్బతో రద్దుచేసింది. శుభ్రం చేసేవాళ్ళు, వంటచేసేవాళ్ళు, బట్టలుతికేవాళ్ళు వేలల్లో ఉద్యోగాలు పోగొట్టుకున్నారు. ఎక్కువమంది ఆడవాళ్ళు, వాళ్ళలో వలస వచ్చినవాళ్ళు చాలామంది. అదే పని కంట్రాక్టు కంపెనీలో దాదాపు సగం జీతానికి దొరికింది. యూనియన్లు కోర్టుకి వెళ్ళాయి. 2007 జూన్ 8న కెనడా సుప్రీంకోర్టు, సమిష్టి బేరసారాలు రాజ్యాంగం కాపాడే హక్కే అని చెప్పి, ఆ చట్టంలో కొన్ని సెక్షన్లను కొట్టేసింది. అంత గొప్ప తీర్పుతో కూడా పోయిన ఉద్యోగాలు మర్నాడు తిరిగి రాలేదు. 2008లో 7 కోట్ల 50 లక్షల డాలర్ల పరిహారానికి ఒప్పందం కుదిరింది. 2018లో ప్రభుత్వం మారిన తరవాత ఆ చట్టాన్ని ఎత్తివేస్తూ శాసనం చేశారు. 2021 ఆగస్టులో, సుమారు 4,000 మంది శుభ్రత, భోజనశాల కార్మికులను కంట్రాక్టుల నుంచి మళ్ళీ ఆసుపత్రుల సొంత ఉద్యోగులుగా తీసుకుంటామని ప్రకటించారు. ఇరవయ్యేళ్ళు! కెనడాలో కూడా ఇరవయ్యేళ్ళు పట్టింది. తేడా అల్లా, ఇక్కడివాళ్ళ చేతిలో అచ్చు వేసిన ఒప్పందం ఉంది, కోర్టుకి చూపించడానికి. మా వార్డు ఆమె చేతిలో ఏమీ లేదు.

మన దేశానికే మళ్ళీ వస్తే, గాలి కొంచెం తిరిగినట్టుంది. 2016లో జగ్జీత్ సింగ్ కేసులో, ఖాయం చేసినా చెయ్యకపోయినా, అదే పని చేసే తాత్కాలికులకు ఆ పోస్టు కనీస వేతనమైనా ఇవ్వాలని సుప్రీంకోర్టు అన్నది. 2024 డిసెంబరు 20న వచ్చిన జగ్గో తీర్పు ఇంకా ముందుకి వెళ్ళింది. కేంద్ర జల సంఘం కార్యాలయంలో 1990ల నుంచి ఊడ్చి తుడిచిన వాళ్ళను 2018లో తీసేశారు. వాళ్ళని తిరిగి తీసుకుని ఖాయం చెయ్యమని కోర్టు ఆదేశించింది. ఉమాదేవి తీర్పు పెరటి దారి నియామకాలను ఆపడానికే గాని, దశాబ్దాలు చాకిరీ చేసినవాళ్ళని వదిలించుకోవడానికి డాలుగా పట్టుకోవడానికి కాదన్నది. 2025 జనవరిలో ఘాజియాబాదు తోటమాలుల కేసు, ఆగస్టులో ఉత్తరప్రదేశ్ ఉన్నత విద్యా సర్వీసుల కమిషన్ దినకూలీల ధరమ్ సింగ్ కేసు అదే దారిలో నడిచాయి. ఈ చివరి కేసులో పోస్టులు లేకపోతే సృష్టించి మరీ ఇవ్వమన్నారు.

అందరూ గట్టెక్కారని కాదు. తెలంగాణలో 2023 ఏప్రిల్ 30న 5,544 మంది కాంట్రాక్టు ఉద్యోగులను ఖాయం చేస్తే, అందుకు ఆధారమైన చట్టసవరణను 2024 నవంబరులో హైకోర్టు కొట్టేసింది. అప్పటికే ఖాయమైనవారిని కదపలేదు. వెనకున్నవారికి దారి మూసుకుంది. మళ్ళీ ఇవతల ఒడ్డు, అవతల ఒడ్డు.

మన సభ్యుల్లో ఇంజనీర్లున్నారు, డాక్టర్లున్నారు, విశ్వవిద్యాలయాల్లో పనిచేసి వచ్చినవారున్నారు. మీ దగ్గర పనిచేసిన దినకూలీ ఎవరైనా ఇప్పటికీ కేసు నడుపుకుంటూ ఉండవచ్చు. అలాంటివారికి కావలసింది మన చందా కాదు, కాగితం. ఫలానా సంవత్సరం ఫలానా వార్డులో ఈ మనిషి పనిచెయ్యడం మేము చూశాము అని సంతకం పెట్టిన ఉత్తరానికి కూడా విలువుంటుందని యల్లట్టి కేసు చెబుతోంది. పాత డ్యూటీ చార్టు, గుర్తింపు కార్డు, పి.ఎఫ్. నెంబరు, కూలి జమ అయిన బ్యాంకు పుస్తకం, ఏది దొరికినా సరే. మస్టర్ పట్టీల నకళ్ళు 2005 నాటి సమాచార హక్కు చట్టం కింద అడగవచ్చు. దరఖాస్తుకి పది రూపాయలు, నకళ్ళకి పేజీకింత. ముప్ఫై రోజుల్లో జవాబివ్వాలి. కెనడా పౌరసత్వం పుచ్చుకున్నవారికి ఆ చట్టం కింద అడిగే హక్కు లేదు కనుక, తమ్ముడి చేతనో మేనల్లుడి చేతనో పెట్టించాలి. పాత పట్టీలు దాచడానికి ఆఫీసుల్లో గడువుంటుంది, అది దాటితే చింపేస్తారు. అడిగేదేదో ఈ వేసవిలో ఊరికి వెళ్ళినప్పుడే అడిగించడం మంచిది.